వేలంపాటను ఆపిన ఆడవాళ్లు: మన సినిమాలో ఏం ఉండాలి?

(మహిళా దినోత్సవం సందర్భంగా హన్మకొండలో జరిగిన మహిళా రైతుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)

అన్నలూ, లోపల కుర్చీలు ఖాళీగానే ఉన్నాయి, వచ్చి కూర్చోండి. ఇది ఆడవాళ్ల మీటింగు అని బయట నిలబడాల్సిన పని లేదు. నేను చెప్పబోయేదాంట్లో మీ వంతు కూడా చాలా ఉంది.

మన సంఘం యువకులు సారా వ్యతిరేక ఉద్యమం మీద ఇరవై అయిదు నిమిషాల డాక్యుమెంటరీ తీయాలని అనుకున్నారు. మంచి ఆలోచన. రాసుకున్న కాగితం తెచ్చి నాకు చూపించారు. మొదటి సీను: డప్పు మోగుతుంటే చీపుర్లు, కారంపొడి పట్టుకున్న ఆడవాళ్లు వీధిలోకి వస్తారు. తర్వాత దూబగుంట. తర్వాత నెల్లూరు కలెక్టరాఫీసు ముందు జనం. చివరి సీను: 1994 డిసెంబర్ 12న ఎన్టీ రామారావు గారు ముఖ్యమంత్రిగా ప్రమాణం చేసి మద్యనిషేధం ఫైలు మీద సంతకం పెడతారు. పాట. సమాప్తం.

ఇట్లా తీస్తే చూడ్డానికి బాగుంటుంది, చప్పట్లు కూడా పడతాయి. కానీ అందులో ఆ ఆడవాళ్లు ఏం చేశారో ఉండదు. వాళ్లు నడవడం కనిపిస్తుంది తప్ప ఎందుకు నడిచారో, నడవడానికి ఇంట్లో ఏం సర్దుకుని వచ్చారో, నడిచి వచ్చాక ఏం మిగిలిందో కనిపించదు. ఇవాళ నేను మాట్లాడేది దాని గురించే.

ముందు వేలంపాట సంగతి చెప్పాలి. ఇప్పటి పిల్లలకు అది తెలియదు. అప్పట్లో ఏటా ప్రభుత్వం సారా అమ్మే హక్కును ప్రాంతాలవారీగా వేలం వేసేది. కాంట్రాక్టరు పాడుకునేవాడు. పాడిన సొమ్ము ప్రభుత్వానికి కట్టి తీరాలి, ఇంత సరుకు ఎత్తుతానని ముందే ఒప్పుకోవాలి. అంటే ఊళ్లో జనం తాగినా తాగకపోయినా ఆయన డబ్బు ఇరుక్కుని ఉంటుంది. కాబట్టి తాగించాలి. 1980లలో 'వారుణి వాహిని' పేరుతో ప్రభుత్వమే సారా నింపి సరఫరా చేసే ఏర్పాటు వచ్చాక ప్యాకెట్టు చేతికి మరింత అందుబాటులోకి వచ్చింది. దుకాణం దాకా పోనక్కరలేదు, జీపు వాడలోకి వస్తుంది, పొలం గట్టు మీదికి వస్తుంది. అప్పు కూడా పెడతారు. 1970-71లో ఉమ్మడి రాష్ట్రానికి ఎక్సైజు మీద వచ్చిన రాబడి 39 కోట్లు. 1991-92 నాటికి అది 812 కోట్లు. ఆ 812 కోట్లు ఎవరి ఇళ్లలోంచి వచ్చాయో లెక్క వేయడానికి ఆర్థికశాస్త్రం చదవక్కరలేదు. సాయంత్రం కూలి డబ్బు కోసం ఎసరు పెట్టుకుని కూర్చున్న ఆడమనిషిని అడిగితే చాలు.

అందుకే వాళ్లు దుకాణంతో ఆగలేదు. ఇది మన సినిమాలో బాగా చూపించాలి. మొదట మొగుణ్ణి బతిమాలారు. తర్వాత దుకాణం మూయించారు, ప్యాకెట్లు కుప్పపోసి తగలబెట్టారు, జీపును ఊరి బయటే ఆపారు. మరుసటి వారం జీపు పోలీసులను వెంటబెట్టుకుని వచ్చింది. అప్పుడు అర్థమైంది, ఇది మొగుడికీ పెళ్లానికీ మధ్య తగాదా కాదు, కాంట్రాక్టరుతో తగాదా కూడా కాదు, వేలంపాట పాడించే వాళ్లతో తగాదా అని. 1992లో నెల్లూరు జిల్లా పల్లెల నుంచి ఆడవాళ్లు నడిచి, లారీలెక్కి, బస్సులెక్కి వేలంపాట జరిగే చోటికే వచ్చారు. పోలీసులు అడ్డం నిలబడ్డా కదలలేదు. పాట వాయిదా పడింది. మళ్లీ తేదీ పెట్టారు, మళ్లీ వచ్చారు, మళ్లీ వాయిదా. అప్పుడు ముఖ్యమంత్రి నేదురుమల్లి జనార్దనరెడ్డి గారిది కూడా నెల్లూరు జిల్లానే. ఎంత ఇబ్బంది అయి ఉంటుందో మీరే ఊహించుకోండి.

వాళ్లలో ఎక్కువమంది దళితులు, వెనుకబడిన కులాల వ్యవసాయ కూలీలు. 1990లో మొదలైన అక్షరాస్యతా కార్యక్రమంలో రాత్రి బడికి పోయి అక్షరాలు నేర్చుకున్నవాళ్లు. ఆ బడి పుస్తకాల్లో 'సీతమ్మ కథ' ఉంది. దూబగుంట ఆడవాళ్లు తమ ఊళ్లో సారా దుకాణం మూయించిన సంగతి 'ఆడవాళ్లు ఏకమైతే' అనే పాఠంగా వచ్చింది. అది చదివి పక్క ఊళ్ల వాళ్లు 'వాళ్లకు చేతనైంది మనకెందుకు చేతకాదు' అన్నారు. రాత్రి బడి అంటే ఏమిటి? పనంతా అయ్యాక నలుగురు ఆడవాళ్లు ఒకచోట కూర్చునే వీలు. అంతకు ముందు ఆ వీలు బావి దగ్గర, నాట్ల దగ్గర తప్ప లేదు. అక్షరం కంటే ఆ కూర్చోవడమే పెద్ద సంగతి అని నా అభిప్రాయం. కాదనేవాళ్లు కాదనవచ్చు.

దూబగుంట రోశమ్మ గారి పేరు మీ అందరికీ తెలుసు. 2016లో చనిపోయారు. ఆమె మీద గౌరవం లేక కాదు కానీ, సినిమా అంతా ఆమె ఒక్కదాని చుట్టూ తిప్పవద్దు. మనకు ఒక అలవాటు ఉంది. వెయ్యిమంది చేసిన పనికి ఒక పేరు పెట్టి, ఆ పేరుకు దండ వేసి, మిగతా తొమ్మిది వందల తొంభై తొమ్మిది మందిని ఇంటికి పంపిస్తాం. మన దగ్గర ఐలమ్మ విషయంలోనూ అదే జరుగుతున్నది. కోఠి మహిళా విశ్వవిద్యాలయానికి ఆమె పేరు పెట్టారు, సంతోషం. కానీ విసునూరు దేశముఖ్ మనుషులు పాలకుర్తిలో ఆమె పంట మీదికి వచ్చిననాడు ఆ వడ్లు ఇంటికి చేర్చింది సంఘం. ఆ వడ్ల బస్తాల కింద ఎవరి భుజాలు ఉన్నాయో మన పిల్లల్లో ఎందరికి తెలుసు?

ఈ పని మనకంటే ముందు చేసినవాళ్లు ఉన్నారు. హైదరాబాద్‌లోని స్త్రీశక్తి సంఘటన వాళ్లు తెలంగాణ సాయుధ పోరాటంలో పనిచేసిన ఆడవాళ్ల దగ్గర కూర్చుని, వాళ్ల మాటలు టేపులకెక్కించి, 1986లో 'మనకు తెలియని మన చరిత్ర' అనే పుస్తకం తెచ్చారు. అందులో తుపాకీ గురించి ఎంత ఉందో, కడుపులో బిడ్డ గురించి, ఆకలి గురించి, దళంలో ఎవరు వండారనే దాని గురించి అంత ఉంది. 1951లో పోరాటం విరమించాక 'ఇక ఇంటికి పోయి సంసారం చేసుకోండి' అంటే ఎట్లా అనిపించిందో కూడా ఉంది. ఆ మాటలు విని అప్పట్లో కొందరు పెద్దలకు కష్టమనిపించింది. ఉండనీయండి. దశాబ్దాలు దాటినా ఆ పుస్తకం నిలబడింది కదా. ఆ టేపులు అప్పుడు చుట్టకపోతే ఇవాళ ఆ గొంతులు లేవు. అందులో మాట్లాడినవాళ్లలో చాలామంది పోయారు. మల్లు స్వరాజ్యం గారు కూడా 2022 మార్చిలో పోయారు.

ఇప్పుడు మన లెక్క చూడండి. 1992లో నలభై ఏళ్ల మనిషికి ఇప్పుడు డెబ్భై దాటాయి. నెల్లూరులో మొదలైన ఉద్యమం రాష్ట్రమంతా పాకింది. మన పల్లెల్లోనూ దుకాణాల ముందు కూర్చున్న అవ్వలు ఉన్నారు. ఈ గదిలోనే ఇద్దరు ముగ్గురు ఉన్నారని నాకు తెలుసు, మీరు చెయ్యి ఎత్తకపోయినా సరే. వచ్చే ఏడు తీద్దాం, కెమెరా కొన్నాక తీద్దాం అంటే కుదరదు. చేతిలో ఉన్న ఫోన్లతోనే తీయండి.

ఇక ఎట్లా అడగాలి? 'ఉద్యమం గురించి చెప్పు అవ్వా' అంటే ఆమె ఉపన్యాసం చెబుతుంది. లేకపోతే 'నాకేం తెల్వది బిడ్డా, గా సర్పంచును అడుగు' అంటుంది. రెండూ మనకు పనికిరావు. 'ఆ రోజు పొద్దున బర్రె పాలు ఎవలు పిండిండ్రు?' అని అడగండి. 'చంటిపిల్లను ఎవల దగ్గర వదిలిపెట్టినవ్?' 'ఆ రోజు కూలి పోయింది కదా, రాత్రి ఏం తిన్నరు?' 'వాపసు వచ్చినంక ఇంట్ల ఏం లొల్లి అయింది?' ఇవి అడిగితే ఆమె కళ్లముందు ఆ రోజు నిలబడుతుంది. మా ఊళ్లో ఒక పెద్దమ్మ చెప్పింది: ధర్నాకు పోయే ముందు రోజు రాత్రి వాడలో ఏడు ఇళ్ల వాళ్లు ఒకే పొయ్యి మీద వండి, పిల్లలందరికీ అక్కడే పెట్టి, ఒక ముసలామెను కాపలా ఉంచి పోయారట. ఆ ముసలామె ఏ ఊరేగింపులోనూ లేదు, ఏ ఫొటోలోనూ లేదు. ఆమె లేకపోతే ఏడు ఇళ్ల ఆడవాళ్లు గడప దాటేవాళ్లు కాదు. మన సినిమా మొదటి సీను ఆ పొయ్యి కావాలని నేను అంటాను. డప్పు తర్వాత వస్తుంది.

ఇది మన దగ్గరే కాదు. దక్షిణాఫ్రికాలో 1956 ఆగస్టు 9న దాదాపు ఇరవై వేల మంది ఆడవాళ్లు ప్రిటోరియాలోని ప్రభుత్వ భవనాల మీదికి నడిచారు. నల్లవాళ్లు ఎక్కడికి పోవాలన్నా పాసు పుస్తకం చూపించాలనే చట్టాన్ని ఆడవాళ్ల మీద కూడా రుద్దుతుంటే, వద్దని సంతకాల కట్టలు ప్రధానమంత్రి తలుపు దగ్గర పెట్టి వచ్చారు. అరగంట సేపు అందరూ ఒక్క మాట లేకుండా నిలబడ్డారు. ముందు నడిచిన లిలియన్ ఎన్గోయీ, హెలెన్ జోసెఫ్ వంటి వాళ్ల పేర్లు చరిత్రలో ఉన్నాయి, ఆ రోజు అక్కడ ఇప్పుడు సెలవు దినం. అయితే ఆ నడిచినవాళ్లలో తెల్లవాళ్ల ఇళ్లలో పనిచేసే ఆడవాళ్లు కొందరు యజమానుల పిల్లలను వీపున కట్టుకునే వచ్చారట. పని మానితే ఉద్యోగం పోతుంది, బిడ్డను వదిలితే దోషం వస్తుంది, కాబట్టి బిడ్డతో సహా వచ్చారు. నన్నడిగితే ఆ ఊరేగింపు సంగతంతా ఆ వీపుల మీదే ఉంది.

మళ్లీ మన ఊరికి వద్దాం. ఒక కష్టమైన విషయం మాట్లాడాలి, తలుపు దగ్గరి అన్నలు కొంచెం ముందుకు వచ్చి వినండి. ఇది రైతు సంఘం తీస్తున్న సినిమా. అప్పట్లో నాట్లకు, కోతలకు వచ్చిన మగ కూలీలకు సాయంత్రం సారా పోయించింది ఎవరు? కాంట్రాక్టరు ఒక్కడేనా? కూలిలో కొంత సారా చీటీలుగా ఇచ్చిన ఊళ్లు ఉన్నాయి. 'పోస్తేనే పనికి వస్తరు' అనేవాళ్లు. పోస్తే కూలి తక్కువకు ఒప్పుకుంటారన్న లెక్క కూడా అందులో ఉంది. ఆడకూలీకి సగం డబ్బు, మగకూలీకి సగం సారా, ఇంటికి చేరేది ఎంత? ఈ మాట సినిమాలో లేకపోతే కాంట్రాక్టరును తిట్టి మనం పక్కకు తప్పుకున్నట్టు అవుతుంది. కల్లు సంగతి వేరు, దాని మీద ఇవాళ నేను కొట్లాట పెట్టుకోను.

ఇంకో కష్టం. సారా కథ అంటే దెబ్బల కథ. ఆమె చెప్పేది సొంత మొగుడి గురించి. ఆ మొగుడు ఇప్పుడు పక్కనే మంచం మీద పక్షవాతంతో ఉండవచ్చు, లేదా గోడ మీద దండ వేసిన ఫొటోలో ఉండవచ్చు. కొడుకు, కోడలు, మనుమలు ఉంటారు. ఇంట్లో కెమెరా పెడితే ముందు కొడుకే వచ్చి కూర్చుని 'మా అమ్మ ఏమన్నదంటే' అని మొదలుపెడతాడు. అది కుదరదని మర్యాదగా చెప్పండి, ఆయనకు ఒక చాయ్ ఇప్పించి బయటికి తీసుకుపొమ్మని ఒక తమ్ముణ్ణి వెంట ఉంచుకోండి. అడిగేది మాత్రం ఆడపిల్లలే అడగాలి.

మాట్లాడినంతా వాడాలని లేదు. కొన్ని మాటలు ఆమె మనకు చెబుతుంది, ఊరికి చెప్పదు. వాట్సాప్‌లో పడితే ఆ ముక్క ఎక్కడికి పోతుందో మన చేతిలో ఉండదు. కాబట్టి కూర్పు అయ్యాక ముందు ఆమెకు, ఆమె ఇంట్లో, ఆమె కోరినవాళ్ల ఎదుట చూపించాలి. 'ఇది తీసెయ్యి బిడ్డా' అంటే ఎంత మంచి ముక్క అయినా తీసెయ్యాలి. దీని మీద మన యువకులకు, నాకు మొన్న వాదన అయింది. 'అట్లయితే అసలు నిజమే పోతది గదా అక్కా' అన్నారు. పోవచ్చు. కానీ ముప్పై ఏళ్లుగా ఆమె గురించి అందరూ ఆమెను అడగకుండానే మాట్లాడారు. మనం అడుగుదాం. నాకున్న అనుభవంలో, తీసెయ్యమని అడిగే హక్కు ఉందని తెలిసిన మనిషి మొదటిదానికంటే ఎక్కువే చెబుతుంది.

చిన్న విషయం అనిపిస్తుంది కానీ చెబుతాను: తెర మీద పేరు కింద ఏం రాస్తారు? నాకు చూపించిన కాగితంలో మగవాళ్ల పేర్ల కింద 'రైతు' అని, ఆడవాళ్ల పేర్ల కింద 'గృహిణి' అని ఉంది. నాటు వేసింది ఆమె, కలుపు తీసింది ఆమె, పత్తి ఏరింది ఆమె. ఎనుమాముల మార్కెట్లో మిర్చి తాలు ఏరి ఏరి చేతులు మండి రాత్రి నిద్రపట్టనిది ఆమె. గృహిణి ఎట్లా అయింది? పట్టాదారు పుస్తకంలో ఆమె పేరు లేదు కాబట్టి. 2015-16 వ్యవసాయ గణన ప్రకారం దేశంలో సాగు కమతాల్లో ఆడవాళ్ల పేరున ఉన్నవి వందకు పద్నాలుగు. 2018లో మన దగ్గర రైతుబంధు వచ్చినా, ఆ తర్వాత రైతుబీమా వచ్చినా పాసు పుస్తకం ఉన్నవాళ్లకే వచ్చాయి. పేరు లేని మనిషి పొలంలో పాము కరిచి చనిపోతే ఆమె రైతుగా చనిపోయినట్టు కాదు. సర్కారు కాగితం మార్చడానికి మనం వేరే పోరాటం చేస్తున్నాం, అది నడుస్తుంది. కానీ మన సినిమా కాగితం మన చేతుల్లోనే ఉంది. 'రైతు' అని, లేదా 'వ్యవసాయ కూలీ' అని రాయండి. ఏది రాయాలో ఆమెనే అడగండి.

ఇక ముగింపు సీను. సంతకం దగ్గర ఆపవద్దని ఎందుకు అంటున్నానంటే, కథ అక్కడ ఆగలేదు. 1993 ఏప్రిల్ 15న నెల్లూరు జిల్లాలో సారా బంద్ అయింది. అదే ఏడు అక్టోబర్ 1న రాష్ట్రమంతా బంద్. ఇది అచ్చంగా ఆడవాళ్లు గెలుచుకున్నది. 1995 జనవరి 16 నుంచి సంపూర్ణ మద్యనిషేధం వచ్చింది. రెండేళ్లు దాటిందో లేదో, 1997లో అదే పార్టీ ప్రభుత్వం, ముఖ్యమంత్రి మారి, ఖజానాకు నష్టమని, దొంగసారా పెరిగిందని చెప్పి నిషేధం సడలించింది. దొంగసారా పెరిగిన మాట అబద్ధం కాదు, మన తండాల్లో, పల్లెల్లో గుడుంబా ఎంతమందిని మింగిందో మనకు తెలుసు. కానీ సడలించేటప్పుడు వేలంపాట ఆపిన ఆడవాళ్లను పిలిచి అడిగినవాళ్లు లేరు. నిషేధం తేవడానికి వాళ్ల ఊరేగింపు కావలసి వచ్చింది, తీసేయడానికి ఒక ఫైలు సరిపోయింది.

సారా ప్యాకెట్టు మళ్లీ రాలేదు, అది నిజం. దాని స్థానంలో సీసా వచ్చింది. వేలంపాట పోయి లాటరీ వచ్చింది. మన రాష్ట్రంలో 2,620 మద్యం దుకాణాలు. 2023లో దరఖాస్తు ఒక్కొక్కటి రెండు లక్షలు, దుకాణం తగలకపోయినా ఆ డబ్బు తిరిగి రాదు. ఒక్క దరఖాస్తుల మీదే ప్రభుత్వానికి రెండు వేల ఆరు వందల కోట్లు దాటి వచ్చాయి. అంటే 1991-92లో ఏడాది మొత్తం ఎక్సైజు రాబడికి మూడు రెట్లకు పైగా, ఒక్క సీసా అమ్మకముందే. రూపాయి విలువ మారింది, ఒప్పుకుంటాను. కానీ పెట్టుబడి పెట్టినవాడు తాగించక తప్పదనే లెక్క మారలేదు. ఊరికి దుకాణం లేకపోయినా కిరాణా కొట్టులో, ఇంటి వెనక బెల్టు షాపు ఉంది. అప్పటి జీపు ఇప్పుడు బైకు అయింది.

సినిమా ఇక్కడి దాకా రావాలి. అవ్వ చెప్పింది అయ్యాక, ఆమె మనుమరాలిని అదే గడప మీద కూర్చోబెట్టి 'మీ ఊళ్లో బెల్టు షాపులు ఎన్ని?' అని అడగండి. ఆమె వేళ్లు మడిచి లెక్కపెడుతుంది. ఆ లెక్కపెట్టడం పూర్తయ్యేదాకా కెమెరా ఆపవద్దు.

పనుల మాట. మిర్చి ఏరుడు అయిపోవచ్చింది, యాసంగి కోతలు ఏప్రిల్‌లో ఉంటాయి. మే నెలలో తీద్దాం, పొద్దున ఎండ ముదరకముందు, లేదా సాయంత్రం చల్లబడ్డాక. వానలు పడి దుక్కులు మొదలైతే ఎవరికీ తీరిక దొరకదు. ప్రతి గ్రామ కమిటీ నుంచి ముగ్గురు అవ్వల పేర్లు కావాలి. గట్టిగా మాట్లాడేవాళ్లే అక్కరలేదు. ఊరేగింపుకు రాకుండా పిల్లలను చూసుకున్నవాళ్లను, మధ్యలో భయపడి వెనక్కి వచ్చినవాళ్లను కూడా రాయించండి. అప్పటి ఫొటోలు, పత్రికల కత్తిరింపులు ఎవరి ట్రంకు పెట్టెలోనైనా ఉంటే తీసుకుపోవద్దు, వాళ్ల ఎదుటే ఫోన్‌తో ఫొటో తీసి తిరిగి ఇచ్చేయండి. ఆ రోజుల్లో ఈనాడు 'సారాపై సమరం' అని రోజూ వేసేది. మన ఊళ్ల వార్తలు అందులో ఏమన్నా వచ్చాయేమో గ్రంథాలయాల్లో వెతకడానికి డిగ్రీ చదివే పిల్లలు ఇద్దరు కావాలి.

పేర్లు రాసుకునే రిజిస్టరు అదిగో ఆ బల్ల మీద ఉంది. భోజనాలకు లేచేటప్పుడు రాయించి పోండి. ఇవాళ వంట మగవాళ్లు చేశారు, ఉప్పు చూసి చెప్పండి.